పెండ్లికి ముందొక రక్తపరీక్ష – పుట్టబోవు బిడ్డకు రక్ష

పెండ్లి సంబంధము కుదుర్చుకొనునపుడు అటు ఏడు తరములు, ఇటు ఏడు తరములు చూడవలెనని మన పెద్దలు చెప్పుదురు. వంశము ఎట్టిది, పిల్లవాని నడవడి ఎట్టిది, పిల్ల ఆరోగ్యము ఎట్టిది అని నాలుగిండ్లలో వాకబు చేసిన పిమ్మటగాని తాంబూలములు పుచ్చుకొనరు. ఈ విచారణ మంచిదే. కాని ఎంతటి విచారణకును అందని వారసత్వ మొకటి మన రక్తములో దాగియుండవచ్చును. అది ఎవరికిని ఏ బాధయు కలిగింపక, ఒక తరము నుండి మరియొక తరమునకు నిశ్శబ్దముగా నడచి వచ్చును. అట్టి వారసత్వమే గల మరియొకరితో వివాహము జరిగినపుడు మాత్రము, పుట్టిన బిడ్డలో అది వ్యాధిగా బయటపడవచ్చును.

ఇట్టి వ్యాధులలో మన దేశమున ముఖ్యముగా చెప్పదగినవి రెండు. ఒకటి థాలసీమియా; రెండవది సికిల్ సెల్ రక్తహీనత, అనగా కొడవలి కణముల వ్యాధి. ఇవి అంటువ్యాధులు కావు. ఒకరి నుండి మరియొకరికి గాలి వలన గాని, నీటి వలన గాని, స్పర్శ వలన గాని సోకవు. తల్లిదండ్రుల నుండి బిడ్డలకు జన్యువుల ద్వారా మాత్రమే సంక్రమించును. పెండ్లికి ముందు గాని, గర్భము ధరించిన తొలి వారములలో గాని చేయించుకొను రక్తపరీక్ష వలన ఈ ప్రమాదమును ముందుగా తెలిసికొనవచ్చును. ఆ పరీక్ష ఎట్టిదో, ఎవరు ఎప్పుడు చేయించుకొనవలెనో, ఫలితమును ఎట్లు అర్థము చేసికొనవలెనో ఈ వ్యాసమున వివరింపబడినది.

బిడ్డ ఎందుకు పాలిపోవును?

మన రక్తమునకు ఎరుపురంగు నిచ్చునది హిమోగ్లోబిన్ అను పదార్థము. ఊపిరితిత్తుల నుండి ప్రాణవాయువును శరీరమున మూలమూలలకు మోసికొనిపోవునది ఇదే. పెద్దవారిలో ఈ పదార్థము ముఖ్యముగా రెండు జతల గొలుసులతో ఏర్పడును. ఒక జతను ఆల్ఫా గొలుసులనియు, రెండవ జతను బీటా గొలుసులనియు అందురు. బీటా గొలుసును తయారుచేయు జన్యువు ప్రతి మనుష్యునిలోను రెండు ప్రతులుగా ఉండును. ఒకటి తల్లి ఇచ్చినది. రెండవది తండ్రి ఇచ్చినది.

ఇంటిలో ఇద్దరు సంపాదనపరులుండి, అందొకరు పనికి పోలేకపోయినను రెండవవారి సంపాదనతో ఇల్లు గడచినట్లే, ఈ రెండు ప్రతులలో ఒకటి లోపించినను రెండవది శరీరమును నడుపుకొనిపోవును. ఇట్లు ఒక ప్రతి మాత్రమే లోపము గలవారిని వాహకులు అందురు. వాహకుడు రోగి కాడు. అతడు చదువుకొనును, పొలము దున్నును, ఆటలాడును, నిండు నూరేండ్లు జీవించును. రక్తము కొంచెము తక్కువగా ఉండుట తప్ప అతనికి తెలియదగిన లక్షణ మేదియు ఉండదు. పెక్కుమందికి అదియును తెలియదు.

రెండు ప్రతులును తీవ్రముగా లోపించిన బిడ్డకు వచ్చునదే థాలసీమియా మేజర్. ఇట్టి బిడ్డ పుట్టినపుడు అందరి బిడ్డలవలెనే ఉండును. గర్భములోని శిశువు బీటా గొలుసులతో అవసరము లేని మరియొక విధమైన హిమోగ్లోబిన్‌తో పెరుగుటయే ఇందుకు కారణము. పుట్టిన కొలది నెలలలో ఆ పాత హిమోగ్లోబిన్ తగ్గి, క్రొత్తది రావలెను. అది రాదు. ఆరు నెలల నుండి రెండేండ్ల లోపుగా బిడ్డ క్రమముగా పాలిపోవును, పాలు సరిగా త్రాగడు, ఎదుగుదల మందగించును, కడుపు ఉబ్బును. పల్లెలలో దీనినే 'కడుపులో బల్ల పెరిగినది' అందురు. నిజముగా పెరిగినది ప్లీహము.

ఈ వ్యాధిని 1925లో అమెరికాలోని డెట్రాయిట్ నగరమున థామస్ కూలీ అను పిల్లల వైద్యుడు మొదట వర్ణించెను. మన దేశమున 1938లో కలకత్తాలో ఇట్టి రోగి ఉన్నట్లు మొదట ప్రకటింపబడినది.

ఇట్టి బిడ్డకు రెండు నుండి నాలుగు వారముల కొకసారి రక్తము ఎక్కించుచుండవలెను. ఎక్కించిన ప్రతి సీసా రక్తముతో పాటు ఇనుము శరీరములో చేరి గుండె, కాలేయము మొదలగు అవయవములలో పేరుకొనును. దానిని వెడలించుటకు అనుదినమును మందులు వాడవలెను. ఈ చికిత్స సక్రమముగా జరిగినచో పిల్లలు పెరిగి పెద్దవారై, ఉద్యోగములు చేసి, సంసారములు నడుపుకొనుచున్నారు. తగిన దాత దొరికినచో ఎముకమూలుగ మార్పిడి వలన వ్యాధి పూర్తిగా నయమగు అవకాశము కలదు. కాని ఒకే తల్లిదండ్రుల బిడ్డలలో ఒకరి మూలుగ మరియొకరికి సరిపడు అవకాశము నాలుగింట ఒకటి మాత్రమే. చికిత్స కలదు గాని, అది జీవితాంతము మోయవలసిన భారమని దీనివలన తెలియగలదు.

కొడవలి కణములు

సికిల్ సెల్ వ్యాధిలో బీటా గొలుసు తయారగును గాని, అందొక చిన్న మార్పు ఉండును. గొలుసులోని ఆరవ స్థానమున ఉండవలసిన ఒక అమైనో ఆమ్లమునకు బదులు మరియొకటి వచ్చి చేరును. ఇంత స్వల్పమైన మార్పు వలన, ప్రాణవాయువు తగ్గినపుడు ఎర్రకణములు గుండ్రదనము కోల్పోయి కొడవలివలె వంగును. అవి సన్నని రక్తనాళములలో చిక్కుకొని దుస్సహమైన నొప్పులు కలిగించును. చికాగో వైద్యుడు జేమ్స్ హెరిక్ 1910లో ఇట్టి కణములను వర్ణించెను. 1949లో లైనస్ పౌలింగ్, ఆయన సహచరులు ఈ వ్యాధికి మూలము హిమోగ్లోబిన్ అణువులోనే కలదని నిరూపించిరి. మన దేశమున 1952లో నీలగిరుల ఆదివాసులలో ఈ లక్షణము మొదట గుర్తింపబడినది. తరువాత మధ్య, పశ్చిమ భారతములలోని గిరిజనులలోను, ఆంధ్ర, తెలంగాణముల ఏజెన్సీ ప్రాంతములలోను ఇది కానవచ్చినది.

ఇంతటి హాని కలిగించు లోపము ఇన్ని తరములుగా ఎట్లు నిలిచియున్నదను సందేహము కలుగవచ్చును. దీనికి సమాధానము మలేరియాలో కలదు. థాలసీమియా వాహకులకు మలేరియా నుండి కొంత రక్షణ ఉండవచ్చునని 1949లో జె.బి.యస్. హాల్డేన్ సూచించెను. ఈ మహనీయుడు 1957లో మన దేశమునకు వచ్చి, ఇక్కడి పౌరుడై, 1964లో భువనేశ్వరమున కన్నుమూసెను. సికిల్ వాహకుల విషయమున ఈ సంగతిని 1954లో ఆంథొనీ ఎలిసన్ అను శాస్త్రజ్ఞుడు ఆఫ్రికాలో చూపెను. మలేరియా ప్రబలిన సీమలలో వాహకులు ఎక్కువగా బ్రదికి బట్టకట్టిరి. కనుక వాహకత్వము ఏ పాపమునకును ఫలము కాదు. ఏ వంశమునకును మచ్చ కాదు. ఒకప్పుడు పూర్వులను కాపాడిన కవచమే అది.

నాలుగు చీట్ల లెక్క

మన దేశ జనాభాలో నూటికి 3 నుండి 4 మంది బీటా థాలసీమియా వాహకులని కేంద్ర ఆరోగ్య శాఖ అంచనా. అనగా మూడున్నర కోట్లకు పైబడిన ప్రజలు. సింధీ, పంజాబీ, గుజరాతీ, బెంగాలీ సమాజములలో కొన్నిటను, కొన్ని గిరిజన తెగలలోను ఈ నిష్పత్తి ఇంకను ఎక్కువ. అయినను ఇది లేని రాష్ట్రము గాని, లేని మతము గాని లేదు. ఏటేటా పదివేల మందికి పైగా శిశువులు థాలసీమియా మేజర్‌తో జన్మించుచున్నారని అంచనా.

భార్యాభర్తలలో ఒకరు మాత్రమే వాహకులైనచో భయపడవలసినది లేదు. వారి బిడ్డలలో ఒక్కొక్కరు వాహకులగుటకు సగము అవకాశము కలదు. రోగి మాత్రము కలుగడు.

ఇద్దరును వాహకులైనచో లెక్క మారును. ఒక పాత్రలో నాలుగు చీట్లు వేసితిమనుకొందము. ఒక చీటీపై 'లోపము లేదు' అనియు, రెండు చీట్లపై 'వాహకుడు' అనియు, ఒక చీటీపై 'రోగి' అనియు వ్రాసియున్నది. ప్రతి గర్భమునకు ఒక చీటీ తీయబడును. తీసిన చీటీ మరల పాత్రలో వేయబడును. కనుక 'మొదటి బిడ్డకు వచ్చినది గదా, ఇక తరువాతి ముగ్గురికి రాదు' అనుకొనుట పొరపాటు. మొదటి కాన్పున జరిగినదానికిని రెండవ కాన్పున జరుగబోవుదానికిని సంబంధము లేదు. ప్రతి సారియు ప్రమాదము నాలుగింట ఒకటియే.

ఒకరు థాలసీమియా వాహకులు, మరియొకరు సికిల్ వాహకులు అయినను బిడ్డకు వ్యాధి రావచ్చును. తూర్పు, ఈశాన్య భారతమున విరివిగా కనబడు హిమోగ్లోబిన్-ఇ అను లక్షణము బీటా థాలసీమియాతో కలిసినను అంతే. కనుక 'మాది వేరు, వారిది వేరు' అని ఊరకుండరాదు.

మేనరికములను గూర్చి ఒక మాట. మేనమామను గాని, మేనబావను గాని వివాహమాడు ఆచారము మన తెలుగుదేశమున చిరకాలముగా నున్నది. దంపతులిద్దరును ఒకే పూర్వుని నుండి ఒకే లోపమును పొందియుండు అవకాశము ఇట్టి వివాహములలో ఎక్కువ. మేనమామకును మేనకోడలికిని జన్యువులలో సుమారు నాలుగవ వంతు, మేనబావకును మరదలికిని ఎనిమిదవ వంతు ఉమ్మడిగా ఉండును. కావున మేనరికము చేసికొనువారు ఈ పరీక్షను మరింత శ్రద్ధతో చేయించుకొనవలెను. కాని బంధుత్వము లేని దంపతులకు ప్రమాదమే లేదని దీని అర్థము కాదు.

పరీక్ష ఎట్లు చేయుదురు?

మొదటి మెట్టు సామాన్యమైన రక్తకణముల లెక్క. వాహకుల ఎర్రకణములు చిన్నవిగా ఉండును. కొన్ని కేంద్రములలో దీనితోపాటు ఉప్పునీటి పరీక్ష కూడ చేయుదురు. ఒక గాజుగొట్టములో 0.36 శాతము ఉప్పు కలిపిన ద్రావణము పోసి, అందు ఒక బొట్టు రక్తము కలిపి, కొంతసేపు ఉంచుదురు. గొట్టము వెనుక నల్లగీత గీసిన తెల్లకాగితమును పట్టుదురు. మామూలు కణములు ఆ పలుచని ద్రావణములో పగిలిపోవుటచే నీరు తేటపడి గీత స్పష్టముగా కనబడును. వాహకుల కణములు సులభముగా పగులవు. నీరు మసకగానే ఉండి గీత కనబడదు. ఖర్చు స్వల్పము, పల్లెలలో సైతము చేయవచ్చును. అయితే ఇది అనుమానమును తెలుపునే గాని నిర్ణయమును తెలుపదు. సికిల్ లక్షణమునకు కూడ ఇట్టి చిన్న పరీక్ష వేరుగా కలదు.

నిర్ణయమునకు హెచ్.పి.ఎల్.సి. అను యంత్రముపై హిమోగ్లోబిన్ రకములను విడదీసి కొలుచుదురు. హిమోగ్లోబిన్-ఎ2 అను రకము నూటికి 4 పాళ్ళు గాని, అంతకు మించి గాని ఉన్నచో ఆ మనుష్యుడు బీటా థాలసీమియా వాహకుడని సాధారణముగా నిర్ణయింతురు. 3.5కును 4కును నడుమ ఉన్నచో మరల పరిశీలింపవలెను. శరీరమున ఇనుము మిక్కిలి తక్కువగా ఉన్నపుడు ఈ కొలత తగ్గి, వాహకత్వము మరుగుపడవచ్చును. కనుక ఫలితమును వైద్యుడే చూచి చెప్పవలెను గాని, ఎవరికి వారు నిర్ణయించుకొనరాదు.

ఒక కుటుంబము కథ

మాట స్పష్టమగుటకు ఒక కుటుంబమును ఊహింతము. ఒక గ్రామమున ఒక కోడలికి తొమ్మిదవ వారము గర్భము. ప్రాథమిక ఆరోగ్య కేంద్రమున రక్తము పరీక్షింపగా హిమోగ్లోబిన్ 9.8 గ్రాములు. కణములు చిన్నవి. జిల్లా ఆసుపత్రిలో తదుపరి పరీక్ష చేయగా ఆమె వాహకురాలని తేలినది. భర్త కూడ రక్తమీయవలెనని డాక్టరమ్మ చెప్పినది.

వెంట వచ్చిన అత్తగారికి కోపము వచ్చినది. ''మా వంశములో ఇట్టి జబ్బు ఎవరికిని లేదమ్మా. మా అబ్బాయి రాయివలె ఉన్నాడు. పరీక్ష వాడికెందుకు?'' అని ఆమె అడిగినది.

''పెద్దమ్మగారూ, మీరు చెప్పినది నిజమే,'' అని డాక్టరమ్మ నెమ్మదిగా బదులు చెప్పినది. ''వాహకులకు జబ్బు ఉండదు. అందుచేతనే ఏ వంశములోను అది కనబడదు. మీ కోడలు కూడ మొన్నటి దాక రాయివలెనే ఉన్నది గదా? ఆమెలో తప్పు ఉన్నదని ఈ పరీక్ష చెప్పుట లేదు. మీ అబ్బాయికి ఈ లక్షణము లేదని తేలినచో ఈ పూటతోనే మన చింత తీరును. ఉన్నదని తేలినచో ఏమి చేయవలెనో ఆలోచించుటకు మనకు వ్యవధి యుండును. అయిదవ నెలలో తెలిసిన ఆ వ్యవధి యుండదు.''

భర్త మరునాడే వచ్చి రక్తమిచ్చెను. అతడును వాహకుడే. ఆ రాత్రి ఆ ఇంట ఎవరును సరిగా భోజనము చేయలేదు. కాని వారికి పదవ వారముననే సంగతి తెలిసినది. నగరములోని జన్యువైద్య కేంద్రమునకు పోయి, సలహా పొంది, పన్నెండవ వారమున గర్భస్థ శిశువునకు పరీక్ష చేయించిరి. శిశువు వాహకుడని తేలినది, తల్లివలెనే, తండ్రివలెనే. అంతకు మించి ఏమియు లేదు.

అందరికిని ఇట్టి ఫలితమే రాదు. నలుగురిలో ఒకరికి రానిది వచ్చును. అప్పుడు నిర్ణయించుకొనవలసినది ఆ దంపతులే. ఆ నిర్ణయమునకు తగిన కాలమును, తగిన జ్ఞానమును వారికి కలిగించుటయే ఈ పరీక్షల ముఖ్యోద్దేశము.

గర్భములోని శిశువునకు పరీక్ష

దంపతులిద్దరును వాహకులైనచో రెండు మార్గములు కలవు. 11 నుండి 13 వారముల మధ్య మాయ నుండి చిన్న ముక్కను సూదితో తీసి జన్యువును పరిశీలించుట ఒకటి. 16వ వారము ప్రాంతమున ఉమ్మనీటిని కొలదిగా తీసి పరిశీలించుట రెండవది. రెండింటిలోను గర్భస్రావ భయము స్వల్పముగా ఉన్నది; అనుభవజ్ఞుల చేతిలో అది నూటికి ఒకటి గాని, అంతకు తక్కువ గాని ఉండును. ఫలితము రావలెనన్న కొన్ని దినములు, ఒక్కొకప్పుడు రెండు మూడు వారములు పట్టును. కావుననే తొలి నెలలలోనే ఆసుపత్రికి పోవుట అత్యవసరము.

గర్భస్థ శిశు పరీక్షలను 1994 నాటి చట్టము నియమించుచున్నది. రక్త సంబంధమైన ఈ వంశపారంపర్య వ్యాధులను తెలిసికొనుటకు పరీక్షించుటను ఆ చట్టము అనుమతించినది. శిశువు ఆడయో మగయో అడుగుటయు, చెప్పుటయు నేరము. గర్భవిచ్ఛిత్తి విషయమును 1971 నాటి చట్టము, దానికి 2021లో చేసిన సవరణ నిర్ణయించుచున్నవి. 20 వారముల వరకు ఒక వైద్యుని అభిప్రాయము, నియమములలో పేర్కొన్న సందర్భములలో 24 వారముల వరకు ఇద్దరు వైద్యుల అభిప్రాయము కావలెను. యుక్తవయస్కురాలైన స్త్రీ యొక్క సమ్మతి ఉన్న చాలును. భర్త సమ్మతి గాని, అత్తమామల సమ్మతి గాని చట్టము కోరదు. గర్భమును నిలుపుకొనవలెనని ఆమె కోరినచో ఆ కోరికయు అంతే గౌరవింపదగినది.

కొన్ని సందేహములు

వాహకులు పెండ్లి చేసికొనరాదా? నిస్సంశయముగా చేసికొనవచ్చును. వాహకుడు కానివారిని వివాహమాడిన బిడ్డకు ఆ వ్యాధి భయమే లేదు. ఇద్దరు వాహకులు ఒకరినొకరు కోరి వివాహమాడినను, పైన చెప్పిన పరీక్షల సహాయమున ఆరోగ్యవంతులైన బిడ్డలను పొందవచ్చును.

వాహకత్వమునకు మందు కలదా? లేదు, అవసరమును లేదు. అది జీవితాంతము మారని లక్షణము. కనుక ఒకసారి సరిగా చేసిన పరీక్షా పత్రమును భద్రపరచుకొన్నచో చాలును.

వాహకురాలైన గర్భిణి ఐరన్ మాత్రలు మానవలెనా? తనంతట తాను మానరాదు. ఆమెకు ఇనుము లోపము కూడ ఉండవచ్చును. వైద్యుడు పరీక్షించి చెప్పినట్లు నడువవలెను.

అక్కకు వాహకత్వమున్నదని తేలినది. చెల్లెండ్ర సంగతి యేమి? అన్నదమ్ములు, అక్కచెల్లెండ్రు అందరును పరీక్ష చేయించుకొనవలెను. ఒక్కరి పరీక్ష వలన ఇల్లంతయు జాగ్రత్తపడవచ్చును.

దేశములు సాధించినది

మధ్యధరా సముద్రములోని సైప్రస్ ద్వీపమున ప్రతి ఏడుగురిలో ఇంచుమించు ఒకరు వాహకులు. 1970ల నుండి అచ్చటి ప్రభుత్వము, వైద్యులు, రోగుల తల్లిదండ్రులు కలిసి పరీక్షలను ప్రచారము చేసిరి. పెండ్లికి ముందు పరీక్షాపత్రము చూపవలెనని క్రైస్తవ మందిరములు సైతము కోరినవి. కొలది సంవత్సరములలోనే క్రొత్తగా పుట్టు రోగులు దాదాపు లేకుండపోయిరి. ఇరాను దేశము 1997లో వివాహమునకు ముందు పరీక్షను దేశమంతట ప్రవేశపెట్టినది.

మన దేశమున 2016లో కేంద్ర ఆరోగ్య శాఖ ఈ వ్యాధుల నివారణకు మార్గదర్శక సూత్రములను వెలువరించినది. 2023 జూలై 1వ తేదీన మధ్యప్రదేశ్‌లోని షహడోల్‌లో జాతీయ సికిల్ సెల్ రక్తహీనత నిర్మూలన ఉద్యమము ప్రారంభింపబడినది. ఆంధ్రప్రదేశ్, తెలంగాణలతో సహా 17 రాష్ట్రములలో 40 ఏండ్ల లోపు వయస్సు గల 7 కోట్ల మందిని పరీక్షింపవలెననియు, 2047 నాటికి ఈ వ్యాధిని నిర్మూలింపవలెననియు దాని లక్ష్యము.

నివారణను గూర్చి మాటలాడునపుడు, నేడు మన మధ్య నున్న రోగులను మరువరాదు. రాబోవు వ్యాధిని ఆపగోరుట వేరు. వచ్చిన బిడ్డను తక్కువగా చూచుట వేరు. థాలసీమియా, సికిల్ సెల్ వ్యాధులు గలవారికి 2016 నాటి వికలాంగుల హక్కుల చట్టము రక్షణ కల్పించినది. వారికి కావలసినది జాలి కాదు. సకాలమున రక్తము, మందులు, బడిలో చోటు, పనిలో అవకాశము. రక్తదానము చేయు ప్రతి పౌరుడును ఒక బిడ్డకు మరికొన్ని వారముల బలమిచ్చినవాడగుచున్నాడు.

పరీక్షకు ఉత్తమమైన కాలము పెండ్లి మాటలకు ముందే. కళాశాలలో చదువుకొను వయస్సుననే చేయించుకొన్నచో సంకోచములకు తావుండదు. పెండ్లి అయినవారు గర్భమునకు ముందు చేయించుకొనవలెను. గర్భము ధరించినవారు మొదటి నెలలలోనే, ఆరోగ్య కేంద్రమునకు పోయిన మొదటి దినముననే అడుగవలెను. మీ గ్రామపు ఆశా కార్యకర్తను గాని, ప్రాథమిక ఆరోగ్య కేంద్రపు నర్సును గాని అడిగినచో పరీక్ష ఎచ్చట జరుగునో తెలుపుదురు.

ఏడు తరములు విచారించు ఓపిక గల మనము ఒక్క బొట్టు రక్తమును విచారించుటకు వెనుదీయ పనిలేదు. భార్య పరీక్షలో వాహకురాలని తేలిన దినమున, భర్త మారుమాటాడక తన చేయి చాపి రక్తమిచ్చుట పుట్టబోవు బిడ్డకు తండ్రి చేయు మొదటి ఉపకారము.